గోరంత సందు

పెళ్ళికార్డుల రోజుల్లో వచ్చేడు భానోజీరావు.
మూడొందల ఒడియా కార్డులు
ప్రింటరు నోట్లోంచి వేడివేడిగా దిగుతున్నాయి,
పసుపురంగు ఇంకు ఆఖరికొచ్చింది.
చంకలోంచి లెక్కల నోటుబుక్కు తీసి
"తెలుగు కొడతారా అమ్మా" అన్నాడు.

పర్లాకిమిడిలో నన్నలా అడిగేవాళ్ళు
ఏడాదికి ఐదారుగురు.
పెద్దదినం కార్డుకి ఒకరు, చందా రసీదులకి ఒకరు,
చలికాలంలో ఎప్పుడైనా ఒక పద్యాల మాస్టారు.
ఈయన తెచ్చింది కథ.
కథలో ఒక మర.

పుణేలో ఇరవైరెండేళ్ళు
ఇనుపచేతులకి మణికట్లు చేసేడట.
కారు తలుపు ఎత్తే చేతులు,
కోడిగుడ్డు చిట్లకుండా పట్టే చేతులు.
"మరెందుకు మానీసేరు?"
"చేతులు బాగానే కుదిరేయమ్మా.
పట్టుకున్నాక వాటికేమనిపించిందో
రాసుకోడానికి రిపోర్టులో చోటు లేదు."

నవ్వాలో వద్దో తెలీక
పేజీకి పాతిక రూపాయలన్నాను.

కథ ఇలా నడుస్తుంది:
జనాభా లెక్కల మర ఒకటి
పాతపట్నం వైపునుంచి మహేంద్రతనయ దాటొస్తుంది.
గడపగడపకీ ఒకటే అడుగుతుంది, మీ మాతృభాష?
ఎండుచేపల గౌరమ్మ చెప్తుంది:
బేరం ఒడియా, తిట్టు తెలుగు, ఏది రాసుకుంటావో రాసుకో.
సైకిలు షాపు దండాసి చెప్తాడు:
ఇంట్లో ఇది, బళ్ళో అది,
కలలో ఏదో ఎవడు చూసొచ్చేడు!
సంతకి దిగిన సవర ముసలాయన
చింతపండు బుట్ట దించి, చెమట తుడుచుకుని
మూడు భాషల్లో మూడుసార్లు నవ్వుతాడు.
మరకున్నది ఒక్కటే గడి.
పొద్దుగూకేసరికి వంతెన మీద
ఎటూ పోలేక నిలబడిపోతుంది.

అక్కడే ఆయనా నిలబడిపోయేడు, మూడు నెలలు.
రోజూ నాలుగింటికి రావడం,
టీ తాగడం,
రాసిన అరపేజీ నా ముందే కొట్టీడం.
నేను కథ సంగతి అడిగేదాన్ని కాదు.
ఆయన మర సంగతే మాట్లాడేవాడు,
ఇంట్లో జొరమొచ్చిన పిల్ల గురించి చెప్పినట్టు.

ఓ రోజు ఫ్యాను గాలికి కార్డులు లేస్తుంటే
వాటి మీదున్న కొమ్ము రొయ్యని చూసేడు.
తోక పట్టుకుని ఎత్తేడు.
ఒళ్ళంతా మెలిక తిరిగి,
వణికి, నిలబడింది రొయ్య.
ఆయన టీ చల్లారిపోయింది.
"ఎవరు చేసేరిది?"
మా నాన్న. గేదె కొమ్ముని నిప్పుసెగ మీద కాచి వంచేవాడు.
ఇప్పుడు చూపు ఆనదు.

దీపం కింద పెట్టి లెక్కపెట్టేడు.
ముక్కకీ ముక్కకీ మధ్య
గోరంత సందు.
"మా లెక్కల్లో దీన్ని తప్పంటామమ్మా.
నా ఉద్యోగమంతా
ఈ సందుని చంపడమే."

రాత్రి అన్నం పెడుతూ నాన్నకి చెప్పేను.
ముద్ద నమిలి, మింగి, అప్పుడన్నాడు:
"సందు లేపోతే అది రొయ్యెలాగవుద్దే,
కర్రముక్క."

మర్నాడు ఆయనకిది చెప్పేనో లేదో
గుర్తు లేదు. చెప్పే ఉంటాను.
ఆఖరి పేజీ మాత్రం వచ్చింది.
మర రాత్రంతా వంతెన మీదే ఉంటుంది.
తెల్లారి మళ్ళీ ఊళ్ళోకొస్తుంది.
ఏమీ అడగదు.
గౌరమ్మ బేరం పక్కన కూచుని వింటుంది.

కొట్టేటప్పుడు నా వేలు జారింది.
గడి అనాల్సిన చోట గది అని పడింది.
మరకున్నది ఒక్కటే గది.
దిద్దబోతే చెయ్యి అడ్డం పెట్టేడు.
"ఉంచమ్మా.
గడిలో ఒకడే పడతాడు."

కాగితాలు మడిచి, సంచీలో పెట్టుకుని,
ఆఖరి పేజీకి డబ్బులివ్వడం మర్చిపోయి వెళ్ళేడు.
రొయ్య కూడా ఆయనతోనే వెళ్ళింది.
ఆయన అడగలేదు, నేనివ్వలేదు.

కార్డుల మీద ఇప్పుడు
ఇటుకముక్క పెడుతున్నాను.
బరువు బాగానే ఉంటుంది.
కదలదు.